సమ ఉజ్జీ ఎవరు?

గత విద్యాసంవత్సరంలో ఒకనాడు తరగతి ముగించి హాజరుపట్టీ మూసుకొంటూ ఉండగా, బి.కాం. రెండవ సంవత్సరం విద్యార్థి ఒకడు మా బల్ల వద్దకు వచ్చి నిలిచినాడు. ఉత్పలమాలకూ చంపకమాలకూ గల భేదం అడగవచ్చినాడేమోనని సంతోషించినాము. అతడు అడిగినది వేరు. "సార్, ఎల్డెన్ రింగ్‌ల మా అన్నను పిలుస్తుంటే వస్తలేడు. నెట్ మంచిగనే ఉంది. మరి ఎందుకు కలుస్తలేం?" అన్నాడు. మేము కూడా అటువంటి ఆటలు ఆడుతామన్న రహస్యం అతనికి ఎవరు చెప్పినారో తెలియదు. జవాబు మాత్రం మాకు తెలుసు. తమ్ముని పాత్ర 30వ లెవెల్‌లో ఉన్నది. అన్న పాత్ర 140 దాటినది. వారిద్దరి నడుమ ఉన్నది దూరం కాదు, ఒక లెక్క. ఆ లెక్కను గురించి నాలుగు మాటలు వ్రాయాలని ఆనాడే అనుకొన్నాము.

తెలుగు పాఠం చెప్పుకొనేవాడికి వీడియో ఆటలతో పని ఏమిటని మా అధ్యాపక మిత్రులు కొందరు నవ్వినారు. నవ్వనిండు. ఎవరికి ఎవరు సమ ఉజ్జీ అన్న ప్రశ్న కుస్తీ గోదాలంత పాతది. దంగల్‌లో ఇద్దరు పిల్ల పహిల్వానులను జోడీ కట్టేటప్పుడు పెద్ద ఉస్తాదు వారి మెడలు, భుజాలు, నిలిచిన తీరు ఒక్కసారి చూచి "వీడికి వాడు" అని తేల్చివేస్తాడు. ఆ చూపులో ఏమేమి ఇమిడి ఉన్నదో ఉస్తాదును అడిగినా చెప్పలేడు. యంత్రానికి అట్టి చూపు లేదు. దానికి అంకెలు కావాలి. ఏ అంకెను చూడవలెను, దేనిని విడిచిపెట్టవలెను అని ముందుగానే ఎవరో ఒక మనిషి నిర్ణయించి దానికి చెప్పవలసి ఉంటుంది. మా చర్చ అంతా ఆ నిర్ణయాన్ని గురించే.

ఈ ఆటలు తెలియని పాఠకుల కోసం కొంత వివరణ అవసరం. టోక్యోలోని ఫ్రమ్‌సాఫ్ట్‌వేర్ సంస్థ 2009లో డీమన్స్ సోల్స్ అన్న ఆటను, 2011లో డార్క్ సోల్స్‌ను, ఆ వరుసలోనే 2014, 2016 సంవత్సరాలలో రెండవ, మూడవ భాగాలను, 2022లో ఎల్డెన్ రింగ్‌ను వెలువరించినది. ఇవి కత్తీ డాలూ పట్టి రాక్షసులతో పోరాడే ఆటలు; కష్టానికి పేరు పడ్డవి. చంపిన ప్రతి శత్రువు నుండీ 'ఆత్మలు' అనే నాణెం వంటిది లభిస్తుంది. దానిని వెచ్చించి పాత్ర బలాన్ని ఒక్కొక్క లెవెల్ చొప్పున పెంచుకోవలెను. చనిపోతే చేతిలోని ఆత్మలు పడిన చోటనే ఉండిపోతాయి. తిరిగి అక్కడికి చేరేలోపు మరొకసారి చనిపోయినచో అవి శాశ్వతంగా పోయినట్లే.

ప్రతివాడూ తన లోకంలో ఒంటరిగానే ఆడుతాడు. అయితే డార్క్ సోల్స్‌లో ఒక తెల్లని బలపం దొరుకుతుంది. బలపం అంటే మనం చిన్ననాడు పలక మీద దిద్దుకొన్న ఆ మెత్తని రాయియే. దానితో నేల మీద ఒక గుర్తు వ్రాసి ఊరకుంటే, ఎక్కడో మరొకరి లోకంలో ఆ గుర్తు మెరుస్తుంది. కష్టంలో ఉన్నవాడు దానిని తాకితే, వ్రాసినవాడు ఛాయారూపంలో అక్కడికి పోయి, పోరు ముగియగానే మాయమవుతాడు. పేరూ ఊరూ చెప్పుకొనే వీలు అంతగా లేదు.

ఈ ఊహ ఎక్కడ పుట్టినదో ఆటల రూపకర్త హిదెతాకా మియజాకి ఒక పత్రికా సంభాషణలో చెప్పినారు. మంచు దట్టంగా కురిసిన తరువాత ఒక ఎత్తైన దారిలో ఆయన ముందున్న కార్లు జారిపోసాగినవట. వెనుకనున్న కారు ముందున్న కారును తోసినది, దానిని మరొకటి. ఆయన వంతు వచ్చినప్పుడు ఆయన కారునూ అట్లాగే తోసి ఎక్కించినారు. ఆగి కృతజ్ఞత చెప్పుకొందామంటే మళ్లీ జారుతుంది. అందువలన ఆగకుండానే ఇల్లు చేరినారు. దారి పొడుగునా ఆయనకు ఒకటే ఆలోచన: వరుసలో చిట్టచివరి మనిషి ఇల్లు చేరినాడో లేదో!

ఆ కొండ దారిలో ఎవరి బండి ఎంత బలమైనదని ఎవరూ అడగలేదు. ఆటలో మాత్రం అడగక తప్పలేదు. 140వ లెవెల్ వాడు 30వ లెవెల్ వాని లోకంలో అడుగుపెడితే అక్కడి రాక్షసుడు రెండు దెబ్బలకు కూలుతాడు. పిలిచినవానికి శ్రమ లేదు, ఆనందమూ లేదు. కనుక పరిధి ఏర్పరచినారు. డార్క్ సోల్స్‌లో సహాయానికి పెట్టిన లెక్క ఇది: తన లెవెల్‌లో పదవ వంతు తీసుకొని, దానికి 10 కలిపి, అంత కిందికీ అంత పైకీ పోవచ్చును. 50వ లెవెల్ వానికి 10, 5 కలిసి 15. కావున 35 మొదలు 65 వరకు. 100వ లెవెల్ వానికి 80 మొదలు 120 వరకు. పైకి పోయినకొద్దీ పరిధి విశాలమవుతుంది. ఇది సబబే. 10కీ 30కీ మధ్య ఉన్న తేడా పసివానికీ యువకునికీ ఉన్న తేడా వంటిది. 100కూ 120కీ మధ్య అంత తేడా లేదు.

సహాయానికి వచ్చేవారే కాదు, పిలవకుండా చొరబడి చంపజూచేవారూ ఉన్నారు. మొదటి డార్క్ సోల్స్‌లో ఎర్రని కంటిగోళం చేతబట్టి పరుల లోకంలోకి దూకే వీరికి పెట్టిన నియమం మాకు మిక్కిలి నచ్చినది. కిందికి పదవ వంతు మాత్రమే. పైకి హద్దే లేదు. 50వ లెవెల్ చొరబాటుదారు 45 కంటె తక్కువ వాని జోలికి పోరాదు. 300 వాని మీదికి పోదలచుకొంటే అది వాని ఇష్టం. బలహీనుని మీద పడడాన్ని ఆపి, బలవంతుని ఎదిరించడాన్ని విడిచిపెట్టిన లెక్క ఇది. దీనిని వ్రాసినవాడు పద్యం వ్రాయకపోయినా మర్యాద తెలిసినవాడే అని మా అభిప్రాయం.

అయితే మర్యాద తెలిసినవాడు చేసిన కోటకు జిత్తులమారి దొడ్డిదారి వెదికినాడు. లెక్క చూచేది లెవెల్‌ను మాత్రమే గదా! అందుచేత లెవెల్ పెంచుకోకుండానే ఆట చివరి దాకా పోయి, అక్కడి ఆయుధాలు, కవచాలు, మంత్రాలు సంపాదించి, వాటితో మొదటి ఊళ్లలోకి చొరబడడం మొదలుపెట్టినారు. నిన్న మొన్న ఆట మొదలుపెట్టినవాడు తుప్పు కత్తితో నిలిచి ఉంటాడు. వచ్చినవాడు కాగితం మీద వానికి సమానుడు, చేతిలో మాత్రం పిడుగు. అంకె అబద్ధం చెప్పలేదు. అడగవలసిన ప్రశ్నను ఎవరూ దానిని అడగలేదు.

దీనికి మందుగా 2014లో రెండవ భాగం కర్తలు తెచ్చిన పద్ధతిని గురించి కొంత నిదానంగా మాట్లాడవలసి ఉన్నది. మా ఫిర్యాదు ముఖ్యంగా దాని మీదనే. ఆ భాగానికి దర్శకత్వం మియజాకి వహించలేదు. తోమొహిరో షిబుయా, యూయి తనిమురా వహించినారు. వారు లెవెల్‌ను పక్కన పెట్టి 'సోల్ మెమరీ' అనే అంకెను ప్రవేశపెట్టినారు. పాత్ర పుట్టినది మొదలు ఇంతవరకు సంపాదించిన ఆత్మలన్నిటి మొత్తం అది. ఖర్చు పెట్టినవీ అందులో చేరుతాయి; పోగొట్టుకొన్నవీ చేరుతాయి. ఆ మొత్తాన్ని మెట్లు మెట్లుగా విభజించి, దగ్గరి మెట్ల మీద ఉన్నవారినే కలుపుతారు. తొలి మెట్లు పదేసి వేల ఆత్మలవి. పోగా పోగా లక్షలలోనికి వెడల్పవుతాయి. లెవెల్‌ను దాచవచ్చును గాని సంపాదనను దాచలేరు గదా అన్నది వారి ఆలోచన. ఆలోచనలో దోషం లేదు. ఫలితం చూడండి.

ఇద్దరు మిత్రులను ఊహించుకొందాము. ఒకడు జాగరూకుడు. సంపాదించిన 3 లక్షల ఆత్మలనూ పాత్ర బలానికే వెచ్చించినాడు. రెండవవాడు చేయి తిరగనివాడు. పడుతూ లేస్తూ 5 లక్షలు సంపాదించి, అందులో 2 లక్షలు చావులలో పోగొట్టుకొని, మిగిలిన 3 లక్షలతో అదే లెవెల్‌కు చేరుకొన్నాడు. ఇద్దరి బలమూ ఒకటే. నిజానికి రెండవవానిది నైపుణ్యంలో తక్కువే. కాని లెక్క ప్రకారం వాడు 5 లక్షల ఆసామి. వానిని బలవంతుల వరుసలో నిలబెడతారు. ఎక్కువసార్లు ఓడినవానికి ఎక్కువ బలమైన శత్రువు! గోరుచుట్టు మీద రోకటి పోటు అనడానికి ఇంతకంటె ఉదాహరణ మాకు తోచదు. పైగా మొదటి మిత్రుడు కూడా వానికి అందకుండా పోవచ్చును. సహాయం ఎవరికి అత్యవసరమో వానికే అది దూరమవుతున్నది.

మా వాణిజ్యశాస్త్ర విద్యార్థులకు ఒక్క మాటలో చెప్పవలెనంటే, ఇది నికర లాభం మీద కాక స్థూల రాబడి మీద వేసిన పన్ను. నష్టాలకు తగ్గింపు లేదు. ఒక మనిషి చేతికి వచ్చిపోయినదంతా వానికి ఉన్నదే అనుకోవడం లెక్క ఎరిగినవారు చేయదగిన పని కాదు. ఇల్లు కాలినవానిని "నీకు ఒకప్పుడు ఇల్లు ఉండేది గదా" అని ఇల్లున్నవారి పంక్తిలో కూర్చోబెట్టడం ఇటువంటిదే.

ఇక్కడ మరొక చిక్కు కూడా ఉన్నది. ద్వంద్వయుద్ధంలో గెలిచినవానికి ఆత్మలు లభిస్తాయి. అవి మెమరీలో చేరుతాయి. అంటే ఒకే స్థాయిలో నిలిచి స్నేహితులతో నిత్యం కత్తిసాము చేయాలనుకొన్నవాడు గెలిచిన కొద్దీ వారి నుండి దూరంగా తేలిపోతాడు. 2015లో దీనికి 'అగాపే' అనే ఉంగరం ఇచ్చినారు. అది ధరించినంతసేపూ వచ్చిన ఆత్మలను ఉంగరమే మ్రింగివేస్తుంది, మెమరీ పెరగదు. రోగం ఉన్నదని వైద్యుడే ఒప్పుకొన్నట్లయినది గాని, ఉంగరం పెట్టుకోవాలని ఎవరికి తెలుస్తుంది? తెలిసినవానికి. పడుతూ లేస్తూ ఉన్న కొత్తవానికి తెలియదు.

2016లో మూడవ భాగం మళ్లీ లెవెల్‌కు తిరిగివచ్చినది; దానికి తోడు ఆయుధాన్నీ లెక్కలోకి తీసుకొన్నది. కమ్మరి చేత సానపెట్టించిన కొద్దీ కత్తికి +1, +2 అని మెట్లు పెరిగి +10 వరకు పోతాయి. సానపట్టని కత్తి గలవానికి +1 గలవాని వరకే పరిచయం. మొదటి ఆటను 2018లో తిరిగి వెలువరించినప్పుడూ, ఆ తరువాత ఎల్డెన్ రింగ్‌లోనూ ఇదే పద్ధతి సాగినది. తుప్పు కత్తివాని మీద పిడుగుతో పడే అన్యాయం చాలావరకు తగ్గినది. ఇది మేలైన లెక్క అని మేము నిస్సంకోచంగా చెప్పగలము. దీనిలోనూ సోల్ మెమరీ ఛాయ కొంత మిగిలినది. చూచేది ఇప్పుడు చేతిలో ఉన్న కత్తిని కాదు, ఎన్నడైనా చేతికి వచ్చిన కత్తులలో మేటిని. దారిన పోయే అపరిచితుడు కొత్తవాని ముందు +10 కత్తి పారవేసిపోతాడు. వీడు సంబరంగా తీసుకొంటాడు. అంతే, ఆ పాత్ర ఉన్నంత కాలం వాడు +10 వారి వరుసలో చేరినట్లే. తరువాత కత్తిని పారవేసినా ప్రయోజనం లేదు. దానం పుచ్చుకొన్న పాపానికి శిక్ష!

ఈ లెక్కలలో ఏ ఒక్కటీ ఆటగాని చేతి నైపుణ్యాన్ని చూడదని చదువరులు ఈపాటికి గ్రహించి ఉంటారు. చదరంగంలో అట్లా కాదు. అమెరికాలో స్థిరపడిన హంగేరీ జాతీయుడు అర్పాద్ ఎలో కనిపెట్టిన కొలమానాన్ని అంతర్జాతీయ చదరంగ సమాఖ్య 1970లో స్వీకరించినది. గెలిస్తే పెరుగుతుంది, ఓడితే తగ్గుతుంది. అది మనిషి వయస్సు చూడదు, ఎంత కాలంగా ఆడుతున్నాడో చూడదు. గుడివాడలో పుట్టిన కోనేరు హంపి 2002లో 15 ఏండ్లకే గ్రాండ్‌మాస్టర్ కాగలిగినదంటే, తండ్రి వయస్సు వారి ఎదుట కూర్చోవడానికి ఆమె అంకె ఆమెకు చాలినది. డార్క్ సోల్స్ లెవెల్ ఓడితే తగ్గదు. అది పాత్ర వయస్సే గాని ఆటగాని విద్య కాదు. పదేండ్లుగా ఆడినవాడు నేడు కొత్త పాత్ర మొదలుపెడితే, ఆట కంటికి వాడూ పసివాడే.

మరి ఎలో పద్ధతినే ఇక్కడ తెస్తే సరిపోదా? కొంత కాలం మేమూ అట్లాగే తలపోసినాము. ఇప్పుడు ఆ అభిప్రాయం మార్చుకొన్నాము. చదరంగంలో ఎదుటివాడు ఎప్పుడూ ప్రత్యర్థియే. ఇక్కడ సహాయకుడు కూడా. కఠినమైన రాక్షసుని గుమ్మం ముందు బలపంతో గుర్తు వ్రాసి ఓపికగా కూర్చొనేవారిలో అనేకులు ఆటను ఎన్నోసార్లు ముగించిన చేయి తిరిగినవారు. చిన్న లెవెల్ పాత్రను కావాలనే సిద్ధం చేసుకొని, ముక్కూ మొగమూ తెలియని కొత్తవారిని గట్టెక్కించడానికే వారు వస్తారు. నైపుణ్యాన్ని కొలిచి సమానులనే కలిపితే ఈ మనుషులు ఆ గుమ్మం చేరలేరు. చేతకానివానికి చేతకానివాడే తోడుగా దొరుకుతాడు. పసివారిని వేధించే జిత్తులమారి ఏ కంతలోంచి దూరినాడో, గురువు కూడా ఆ కంతలోంచే వస్తున్నాడు. దానిని పూర్తిగా పూడ్చమని అడగడానికి, బడిపంతులు ఉద్యోగం చేస్తున్న మాకు మనసొప్పదు.

మేము గట్టిగా అడుగదలచినది మరొకటి ఉన్నది. ఈ పరిధుల లెక్క ఆడేవాని కంటికి ఆటలో కనబడదు. ఎవరు ఎవరిని కలవవచ్చునో తేల్చే నియమాన్ని, దానికి లోబడేవారికి చెప్పకుండా ఉంచడం మాకు నచ్చదు. ఆ అన్నదమ్ములు కొన్ని రాత్రులు నెట్‌ను నిందిస్తూ గడిపినారంటే కారణం ఇదే. ఆటగాళ్లే కూడి, పరీక్షించి, అంకెలు పోగుచేసి ఒకరికొకరు చెప్పుకోవలసి వచ్చినది. వారు అంతటితో ఊరకుండలేదు. తమకు తాము ఒక కట్టుబాటు కూడా చేసుకొన్నారు. డార్క్ సోల్స్‌లో 120, 125 లెవెళ్ల దగ్గర ఆగిపోవడం అలవాటు చేసుకొన్నారు. ఇంకా పెంచుకొనే అవకాశం ఉన్నది. పెంచుకొంటే బలం వస్తుంది. అయినా అక్కడ ఆగితేనే నలుగురూ ఒకచోట దొరుకుతారని, ఎవరూ శాసించకుండానే వేలాది మంది ఆగినారు. బలం కంటె తోడు ముఖ్యమని ఇంతమంది లెక్క కట్టుకొన్న సంగతి మాకు ఇప్పటికీ ఆశ్చర్యంగానే ఉన్నది.

తోడు దొరకని కాలమూ వస్తుంది. డీమన్స్ సోల్స్ పాత ఆటకు సర్వర్లను 2018 ఫిబ్రవరిలో మూసివేసినారు. ఆడేవారు పలచబడినకొద్దీ సన్నని పరిధి న్యాయంగా కాక ఏకాంతవాసంగా మారుతుంది. వేయి మంది ఉన్నప్పుడు చక్కని లెక్క, పది మంది ఉన్నప్పుడు గోడ. 2025లో వచ్చిన నైట్‌రెయిన్ ఈ తగవునే తప్పించుకొన్నది. ముగ్గురూ ప్రతిసారీ 1వ లెవెల్ నుండే బయలుదేరుతారు, 15తో సరి. అది వేరు తరహా ఆట; దాని జోలికి ఇప్పుడు పోము.

మన వీధులలో పిల్లలు ఈ చిక్కును ఎట్లా విప్పుకొంటారో అందరికీ తెలిసినదే. అన్నలు ఆడుతూ ఉంటే ఆరేండ్ల తమ్ముడు నేనూ వస్తానని ఏడుస్తాడు. రానివ్వకపోతే అమ్మ ఒప్పుకోదు. లెక్కలోకి తీసుకొంటే జట్టు ఒప్పుకోదు. అందుచేత వాడిని 'ఆటలో అరటిపండు' చేస్తారు. వాడూ పరుగెత్తుతాడు, వాడూ దొరుకుతాడు, లెక్క మాత్రం లేదు. మూడవ డార్క్ సోల్స్‌లో, ఎల్డెన్ రింగ్‌లో ఉన్న పాస్‌వర్డ్ పద్ధతి దీనికి చాలా దగ్గరి బంధువు, కొంచెం తిరగవేసినట్లుగా. మిత్రులిద్దరూ ఒకే మాటను ముందుగా అనుకొని ఇరువైపులా వ్రాసుకొంటే పరిధులన్నీ తొలగిపోతాయి. పెద్దవాడు రావచ్చును, అయితే వాని బలాన్ని పిలిచినవాని స్థాయికి తగినట్లు తగ్గించి పంపుతారు. ఇక్కడ అరటిపండు అయ్యేది అన్నగారే. ఇన్ని లెక్కలలోనూ మాకు అన్నిటికంటె ప్రియమైనది ఇది. మిగిలినవన్నీ ఇద్దరు మనుషులను కలపవచ్చునా అని అడుగుతాయి. ఇది మాత్రం, కలవాలని వారు ముందే తేల్చుకొన్నారు గదా అని దారి ఇస్తుంది.

ఆ విద్యార్థికి ఇది చెప్పి పంపినాము. మరునాడు వరండాలో ఎదురైనాడు. అన్నదమ్ములు తమ నాయనమ్మ పేరును పాస్‌వర్డ్‌గా పెట్టుకొన్నారట. గుర్తు వెంటనే కనబడినదట. కోట గుమ్మం ముందు కాపలా ఉండే మార్గిట్ మీదికి ఇద్దరూ కలిసి పోయినారు.

"మీ అన్న రాగానే పని అయిపోయి ఉంటుంది గదా?" అన్నాము.

"లేదు సార్. 140 లెవెల్ అని ధీమాగా ముందుకురికిండు. నాకంటె ముందు వాడే సచ్చిండు," అన్నాడు, అంతకుముందెన్నడూ అతని మొగంలో మేము చూడని సంతోషంతో.